జూనియర్ జావెలిన్‌లో దూరాన్ని తేల్చేది ఎడమ కాలు

2016 జులై 23న పోలండ్‌లోని బిడ్గోష్‌లో జరిగిన అండర్-20 ప్రపంచ అథ్లెటిక్స్ పోటీల ఫైనల్లో నీరజ్ చోప్రా రెండో ప్రయత్నంలో విసిరిన జావెలిన్ 86.48 మీటర్ల దగ్గర నేలకు దిగింది. అదెంత దూరమో క్రికెట్ లెక్కలో చెబితే విశాఖలో ఎవరికైనా చటుక్కున అర్థమవుతుంది. అంతర్జాతీయ క్రికెట్‌లో బౌండరీ తాడు పిచ్ మధ్య నుంచి 90 గజాలకు, అంటే సుమారు 82 మీటర్లకు మించి ఉండకూడదు. పిచ్ మధ్యలో నిలబడి విసిరి ఉంటే, అంత పెద్ద మైదానంలోనూ ఆ జావెలిన్ తాడు దాటి నాలుగు మీటర్ల అవతల గుచ్చుకునేది. అప్పటికి ఆ కుర్రాడి వయసు 18.

అంతకు ముందు అండర్-20 ప్రపంచ రికార్డు లాత్వియాకు చెందిన జిగిస్మండ్స్ సిర్మైస్ పేరున ఉండేది. 2011లో అతను విసిరిన దూరం 84.69 మీటర్లు. నీరజ్ దాన్ని ఒక్క విసురుతో 1.79 మీటర్లు దాటేశాడు. మరుసటి నెల రియో ఒలింపిక్స్‌లో కాంస్యం తెచ్చిన త్రో 85.38 మీటర్లే. కానీ నీరజ్ రియోలో లేడు. అర్హతకు 83 మీటర్లు కావాలి, గడువు జులై 11తో ముగిసింది. అప్పటికి అతని అత్యుత్తమ దూరం ఆ ఫిబ్రవరిలో గువాహటి దక్షిణాసియా క్రీడల్లో విసిరిన 82.23. డెబ్బై ఏడు సెంటీమీటర్లు, పన్నెండు రోజులు అడ్డం పడ్డాయి.

ఈ అంకెలు చాలామందికి తెలుసు. జావెలిన్ బరువు సంగతి మాత్రం అంతగా చెప్పుకోరు. అండర్-20 పురుషుల విభాగంలో షాట్‌పుట్ గుండు 6 కిలోలు, పెద్దవాళ్లకు 7.26. డిస్కస్ 1.75 కిలోలు, పెద్దవాళ్లకు 2. హ్యామర్‌కూ ఇలాంటి తగ్గింపే ఉంది. హర్డిల్స్ ఎత్తు కూడా కాస్త తక్కువే. జావెలిన్‌కు ఆ వెసులుబాటు లేదు. అండర్-18లో 700 గ్రాములు విసిరిన కుర్రాడు ఆ వయసు దాటగానే 800 గ్రాములు, కనీసం 2.60 మీటర్ల పొడవున్న పెద్దల జావెలిన్‌నే పట్టుకోవాలి. అందుకే జూనియర్ దూరాన్ని సీనియర్ దూరం పక్కన నేరుగా పెట్టి చూడొచ్చు. మిగతా త్రోలలో అలా కుదరదు. ఇంకో విషయం కూడా కలిసొచ్చింది. జావెలిన్ బరువు కేంద్రాన్ని 4 సెంటీమీటర్లు ముందుకు జరిపిన కొత్త నమూనా పురుషుల పోటీల్లోకి వచ్చింది 1986లో. ప్రపంచ జూనియర్ పోటీలు ఏథెన్స్‌లో మొదలైందీ అదే ఏడాది. 1984లో తూర్పు జర్మనీకి చెందిన ఉవే హోన్ 104.80 మీటర్లు విసిరిన పాత జావెలిన్ ఈ పోటీల పట్టికలో ఎక్కడా లేదు.

పనిముట్టు పెద్దవాళ్లదే, ఒళ్లు మాత్రం ఇంకా పిల్లవాడిదే. జూనియర్ జావెలిన్‌లో వచ్చే చిక్కులన్నీ ఇక్కడ మొదలవుతాయి. తన ఒంటి బరువు చాలనట్టు అనిపించిన కుర్రాడు చేతి బలంతో దాన్ని పూడ్చుకోవాలని చూస్తాడు. చెయ్యి ఆ పని చేయలేదు. ఎందుకు చేయలేదో లెక్క చూస్తే తెలుస్తుంది.

జావెలిన్ చేతిని వదిలే క్షణంలో దాని వేగం సెకనుకు 28 మీటర్లు అనుకుందాం. గంటకు వంద కిలోమీటర్లు. 35 డిగ్రీల కోణంలో, గాలి ప్రభావం పక్కన పెట్టి లెక్కిస్తే అది దాదాపు 77 మీటర్లు పోతుంది. అదే వేగం 29 అయితే ఇంకో అయిదు మీటర్లు కలుస్తాయి. కోణాన్ని రెండు మూడు డిగ్రీలు అటూ ఇటూ మార్చినా ఇంత తేడా రాదు. ఫాస్ట్ బౌలర్ బంతి 140 కిలోమీటర్ల వేగంతో వెళ్తుంది కదా, జావెలిన్ నెమ్మదే అనుకోవచ్చు. బంతి బరువు 160 గ్రాములు, జావెలిన్ 800. ఆ వేగాల దగ్గర జావెలిన్ మోసుకెళ్లే శక్తి బంతిది కన్నా రెండున్నర రెట్లు. ఒక భుజం, ఒక మోచేయి ఇంత శక్తిని పుట్టించలేవు. అది నేల నుంచి, కాళ్ల నుంచి, నడుం మీదుగా రావాలి. పరుగులో అథ్లెట్ వేగం సెకనుకు 6 మీటర్లు ఉందనుకుంటే, మిగతా 22 మీటర్ల వేగమూ చివరి రెండు అడుగుల్లోనే పుట్టాలి.

ఆ చివరి అడుగుల్ని దగ్గరగా చూద్దాం. విసిరేది కుడిచేత్తో అనుకోండి. పరుగు మొత్తం 13 నుంచి 17 అడుగులు. మొదటి సగంలో జావెలిన్ తల పక్కనే, భుజం పైన ఉంటుంది. ఆఖరి అయిదారు అడుగుల ముందు చెయ్యి వెనక్కి చాపి, ఒళ్లు పక్కకు తిప్పి, కాళ్లు ఒకదాని మీదుగా ఒకటి దాటేస్తూ పరిగెత్తుతాడు. చివరి ముందు అడుగులో కుడి కాలు ఎడమ కాలికి ముందుగా దూసుకెళ్తుంది. ఒళ్లు కాస్త వెనక్కి వాలుతుంది. కుడి పాదం నేలను తాకుతుంది, మోకాలు కొద్దిగా మడిచే ఉంటుంది. ఆ కాలు ఒంటిని పైకి తోయదు, ముందుకు జారనిస్తుంది. వెంటనే ఎడమ కాలు దాదాపు నిటారుగా, ముందు మడమతో నేలను కొడుతుంది. ఆ ఎడమ పాదం నేల తాకిన క్షణానికీ జావెలిన్ వేళ్లను వదిలే క్షణానికీ మధ్య ఉన్నది సుమారు 0.12 సెకను. రెప్పపాటు కూడా కాదు.

ఆ రెప్పపాటులో ఏం జరుగుతుందో సిటీ బస్సు ఎక్కినవాళ్లకు వేరే చెప్పనక్కర్లేదు. మద్దిలపాలెం వైపు జోరుగా పోతున్న బస్సుకు డ్రైవర్ ఉన్నట్టుండి బ్రేక్ వేస్తే, నిలబడ్డవాళ్ల కాళ్లు ఆగిపోతాయి, ఒళ్లు మాత్రం ముందుకు విసిరేసినట్టు పోతుంది. ఎడమ కాలు వేసేది ఆ బ్రేకే. దాన్నే కోచ్‌లు బ్లాక్ అంటారు. ఎడమ వైపు తుంటి ఆగిపోతుంది, కుడి తుంటి దాని చుట్టూ తిరిగి ముందుకొస్తుంది. ఛాతీ వెడల్పుగా తెరుచుకుని, ఒళ్లంతా ఎక్కుపెట్టిన విల్లులా వంగుతుంది. అప్పుడు భుజం, దాని వెనక మోచేయి, చివర్న మణికట్టు వరసగా ముందుకొస్తాయి. ఒక్కో భాగం ఆగుతూ తన వేగాన్ని తర్వాతి దానికి అందిస్తుంది. చెయ్యి చేసే పని ఆ వేగాన్ని పాడుచేయకుండా జావెలిన్‌కు చేర్చడం, అంతే.

ఎడమ మోకాలు మడిచిందంటే బ్రేక్ లూజయినట్టు. ఒళ్లు ఆగదు, ముందుకు జారిపోతుంది, భుజం నుంచి పైభాగమంతా ఒకేసారి కదులుతుంది. అప్పుడు దూరం కోసం కుర్రాడు మోచేత్తో లాగుతాడు. త్రో తగ్గడమే కాదు, గాయం మొదలయ్యేదీ అక్కడే. మోకాలు ఎందుకు మడుస్తుంది? చాలాసార్లు కారణం బలం లేకపోవడం కాదు. పరుగు తన అదుపుకు మించి వేగంగా ఉండటం ఒకటి. చివరి అడుగు మరీ పొడుగ్గా వేయడం ఇంకొకటి. మూడోది, అందరి కన్నూ తప్పించుకునేది, ఎడమ పాదం ఆలస్యంగా రావడం. కుడి పాదం దిగాక ఎడమ పాదం తీరిగ్గా గాల్లో తేలుతూ వస్తే, అది చేరేసరికి ఒంటి బరువు కుడి కాలు దాటి ముందుకొచ్చేసి ఉంటుంది. అంత బరువు మీద పడితే ఎంత బలమైన మోకాలైనా మడవాల్సిందే. కాబట్టి కుడి పాదం దిగే ముందే ఎడమ కాలు ముందుకు బయల్దేరి ఉండాలి. ఈ తప్పును కంటితో పట్టుకోవడం కష్టం. మామూలు వీడియోలో సెకనుకు 30 ఫ్రేములుంటాయి, 0.12 సెకనుకు మూడో నాలుగో దొరుకుతాయి. ఫోన్లో స్లో మోషన్ పెట్టి 240 ఫ్రేముల్లో తీస్తే దాదాపు 29 దొరుకుతాయి. ఫోన్ నడుం ఎత్తులో, పక్కన ఎనిమిది పది మీటర్ల దూరంలో, ఎడమ పాదం పడే చోటుకు సూటిగా ఉండాలి. తీసేవాళ్లు ఎట్టి పరిస్థితుల్లోనూ ఆర్క్ (విసిరేవాడు దాటకూడని వంపు గీత) దాటి ముందుకు వెళ్లకూడదు.

ఎడమ పాదం పడే చోటు కూడా చూడాలి. పరుగు వచ్చిన గీత మీదే, లేదా కుడి వైపుకు జరిగి పడితే తుంటి తిరగడానికి దారి మూసుకుపోతుంది, ఒళ్లు అడ్డంగా ఉండగానే విసరాల్సి వస్తుంది. మరీ ఎడమకు పడితే తుంటి ముందే తెరుచుకుని, విల్లు వంగకుండానే బాణం వదిలేసినట్టవుతుంది. కొద్దిగా ఎడమకు, పాదం వేళ్లు విసిరే దిక్కుకు చూస్తూ ఉంటే చాలు.

ఈ విషయంలో క్రికెట్ ఆడి వచ్చిన కుర్రాళ్లకు ఒక లాభం, ఒక నష్టం. ఫాస్ట్ బౌలింగ్ వేసినవాడికి ముందు కాలు నిటారుగా దించి దాని మీదుగా ఒంటిని తిప్పడం ముందే అలవాటు. నష్టం ఫీల్డింగ్ నుంచి వస్తుంది. బౌండరీ దగ్గర బంతి అందుకుని పక్క నుంచి, మోచేయి భుజం కన్నా కిందికి దించి విసిరే అలవాటు చేతికి పట్టేసి ఉంటుంది. జావెలిన్‌లో అది పనికిరాదు. నిబంధన ప్రకారమే జావెలిన్ భుజం మీదుగా గానీ, విసిరే చేతి పైభాగం మీదుగా గానీ పోవాలి. అంతకన్నా ముఖ్యం, మోచేయి కిందికి జారితే దాని లోపలి వైపున్న లిగమెంట్ మీద లాగుడంతా పడుతుంది. ఎదిగే వయసులో ఆ చోట ఎముక కొన ఇంకా గట్టిపడి ఉండదు. విసిరేటప్పుడు మోచేయి లోపలి వైపు నొప్పి వస్తే ఆ రోజుకు జావెలిన్ పక్కన పెట్టడమే దారి, కట్టు కట్టి కొనసాగించడం కాదు. నీరజ్ చోప్రా అంతటివాడు 2019లో మోచేతికి ఆపరేషన్ చేయించుకుని ఆ సీజన్ మొత్తం పోగొట్టుకున్నాడు.

జావెలిన్ పట్టుకోవడంలో మూడు పద్ధతులున్నాయి. బొటనవేలు, చూపుడువేలు జావెలిన్ మీద పట్టు కోసం చుట్టిన తాడు చుట్ట వెనక అంచుకు ఆనించడం ఒకటి. చూపుడువేలిని కడ్డీ మీద వెనక్కి చాపి, బొటనవేలు, మధ్యవేలుతో తాడు అంచును పట్టడం రెండోది. చూపుడు, మధ్య వేళ్ల సందులో పట్టడం మూడోది. ఏది హాయిగా ఉంటే అది. ఏ పద్ధతిలోనైనా జావెలిన్ అరచేతిలో ఏటవాలుగా ఒదగాలి, అరచెయ్యి ఆకాశం వైపు ఉండాలి. చెయ్యి వెనక్కి చాచినప్పుడు అరచెయ్యి భుజం కన్నా కిందికి దిగితే జావెలిన్ ముక్కు తల పైకి లేస్తుంది. ముక్కు కుడి కణత పక్కనే, కనుబొమ ఎత్తులో ఉండాలి. ముక్కు చూసే దిక్కూ, జావెలిన్ వెళ్లే దిక్కూ ఒకటి కాకపోతే వేగం ఎంతున్నా వృథా. ముక్కెత్తిన జావెలిన్ కొంత దూరం పోయి, గాల్లో నిలబడిపోయినట్టు ఆగి, తోక ముందుగా దిగుతుంది. అది ఫౌలే. ముక్కు నేలలో గుచ్చుకుని నిలబడనక్కర్లేదు, కానీ లోహపు ముక్కే ముందు నేలను తాకాలి.

ఇక విశాఖ సంగతి. జ్యోతి యర్రాజి లాంటి హర్డ్లర్ పుట్టిన ఊరు. తెల్లవారుజామున ఆర్కే బీచ్ ఇసుకలో పరిగెత్తే కుర్రాళ్లను ఎప్పుడైనా చూడొచ్చు. ఇసుకలో పరుగు పిక్కలకు, ఊపిరికి మంచిదే. బ్లాక్ నేర్చుకోవడానికి మాత్రం ఇసుక పూర్తిగా తప్పు చోటు. మడమ కొట్టగానే ఇసుక లోపలికి దిగిపోతుంది, కాలికి ఎదురు దెబ్బ తగలదు, మోకాలు మడవడం అలవాటైపోతుంది. ఇసుక మీద విసిరితే చెయ్యి పని ఎక్కువ, కాలి పని తక్కువ. వారాల తరబడి అలా చేసిన కుర్రాడు గట్టి నేల మీదికొచ్చినా మోకాలు మడుస్తూనే ఉంటాడు. ఇసుకను పరుగులకూ గెంతులకూ ఉంచుకుని, ఎడమ కాలు దించే పనంతా గట్టి నేల మీదే చేయాలి.

గట్టి నేల అన్నా సింథటిక్ రన్‌వే (పరుగు బాట) అందరికీ దొరకదు. మట్టి మైదానమే ఎక్కువమందికి గతి. అక్కడ బూటు సంగతి తేలుతుంది. జావెలిన్ బూటుకు ముందు భాగంలోనే కాక మడమ కింద కూడా స్పైకులుంటాయి. మామూలు పరుగు స్పైకుల్లో మడమ దగ్గర ఏమీ ఉండదు, బ్లాక్ వేసే ఎడమ మడమ తడి నేల మీద జారుతుంది. ఒకసారి జారి పడ్డ కుర్రాడు ఆ తర్వాత పది త్రోలు భయంతోనే వేస్తాడు, కాలు గట్టిగా దించడు. సింథటిక్ మీద జావెలిన్‌కు స్పైకు పొడవు 12 మిల్లీమీటర్ల దాకా వాడొచ్చు, మట్టి మీద ఇంకా పొడుగువి కావాలి. రెండు జతలు కొనలేనివాళ్లు ముందు మడమ స్పైకులున్న జతే కొనుక్కోవాలి. ఖరీదైన జావెలిన్ తర్వాత చూసుకోవచ్చు.

జావెలిన్ కొనడంలో తరచూ జరిగే పొరపాటు ఒకటుంది. తయారీదారులు జావెలిన్లను 60, 70, 80, 90 మీటర్లంటూ దూరం లెక్కన విడదీస్తారు. ఎక్కువ దూరానిది గట్టిగా, తక్కువ వణికేలా ఉంటుంది. 50 మీటర్లు విసిరే కుర్రాడి చేతికి 90 మీటర్ల జావెలిన్ ఇస్తే, చిన్న తప్పును కూడా అది క్షమించదు, మోచేతికి దెబ్బ కూడా ఎక్కువ. తన దూరం కన్నా ఒక మెట్టు పై దాకా సరిపోతుంది. ముక్కుల్లో కూడా తేడాలుంటాయి. ఎదురు గాలికి సన్న ముక్కు, వెనక గాలికి మొద్దు ముక్కు. సముద్రపు గాలిలో ఉప్పు ఉంటుంది కాబట్టి వాడిన ప్రతిసారీ ముక్కును, కడ్డీని పొడి గుడ్డతో తుడవాలి. గోడకు ఆనించి నిలబెడితే నెలల్లో వంగుతుంది. రెండు మూడు కొక్కేలకు అడ్డంగా వేలాడదీయాలి. చెమట తాగిన తాడు చుట్ట నున్నగా మారి చేతిలో జారుతుంది. విశాఖ ఉక్కపోతలో సుద్దపొడి లేకుండా విసరడం కష్టం. చేతులకు అది రాసుకోవచ్చు. రెండు వేళ్లను కలిపి టేపు చుట్టడం, గ్లవ్స్ వేసుకోవడం కుదరదు.

గాలిని మైదానంలో తప్పకుండా రాసి పెట్టుకోవాలి. పొద్దున్నే స్తబ్ధుగా ఉండే తీరంలో మధ్యాహ్నం నుంచి సముద్రపు గాలి లేస్తుంది. జావెలిన్‌కు పరుగు పందెంలా గాలి వేగం పరిమితి లేదు, ఏ గాలిలో విసిరినా రికార్డే. ఎదురు గాలిలో ముక్కు పైకెత్తితే లేపేస్తుంది, కోణం తగ్గించి విసరాలి. వెనక గాలిలో కాస్త ఎత్తుగా వదిలినా చెల్లుతుంది. ఒకే కుర్రాడు పొద్దున్న 58, సాయంత్రం 62 విసిరితే మెరుగయ్యాడని సంబరపడే ముందు ఆ మైదానం ఏ దిక్కుకు ఉందో చూడాలి.

జావెలిన్ పడాల్సిన హద్దును, అంటే సెక్టార్‌ను గీసుకోవడానికి కోణమానిని అక్కర్లేదు. ఆర్క్ 8 మీటర్ల వ్యాసార్ధంతో గీసిన వంపు, రన్‌వే వెడల్పు 4 మీటర్లు. ఆ వంపు కేంద్రం ఆర్క్ వెనక 8 మీటర్ల దగ్గర, రన్‌వే మధ్యలో ఉంటుంది. అక్కడ మేకు కొట్టి, 60 మీటర్ల దూరంలో రెండు వైపులా గుర్తులు పెట్టాలి. ఆ రెండు గుర్తుల మధ్య సరిగ్గా 30 మీటర్లుండాలి. నిబంధనల్లో ఉన్న 28.96 డిగ్రీలు అదే. ఎంత దూరంలోనైనా సెక్టార్ వెడల్పు ఆ దూరంలో సగం. వాకర్లు, క్రికెట్ ఆడే పిల్లలు తిరిగే మైదానంలో ఈ గీతలతో పాటు తాడు, ఒక కాపలా మనిషి కూడా ఉండాలి. అవి లేని మైదానంలో జావెలిన్ తీయకపోవడమే మంచిది.

అంతర్జాతీయ జూనియర్ పోటీలో కుర్రాడికి ఎదురయ్యేది దీనికి పూర్తిగా వేరే వాతావరణం. ముందు క్వాలిఫయింగ్. రెండు గ్రూపులు, మూడే మూడు త్రోలు. నిర్ణీత దూరం దాటినవాళ్లు, లేదా మొదటి పన్నెండు మంది ఫైనల్‌కు. అక్కడ విసిరిన దూరం ఫైనల్‌లో లెక్కలోకి రాదు. వార్మప్ అయ్యాక కాల్ రూమ్‌లో కూర్చోబెడతారు, ఒళ్లు చల్లబడుతుంది. పోటీ మొదలయ్యాక రన్‌వే మీద ప్రాక్టీస్ కుదరదు. సొంత జావెలిన్ తెచ్చుకున్నా దాన్ని తనిఖీకి ఇవ్వాలి, పాసయితే అందరూ వాడుకోవచ్చు. దేశంలో 75 విసిరినవాడు అక్కడ 68తో ఇంటికి రావడం మామూలే. చెయ్యి బలం ఎక్కడికీ పోదు, పరుగు లెక్క తప్పుతుంది. ఉత్సాహంలో అడుగులు పొడుగవుతాయి, ఎడమ పాదం ఆర్క్ దగ్గరగా పడుతుంది, ఫౌల్ భయంతో ఒళ్లు వెనక్కి లాగుతాడు. రన్‌వే పక్కన రెండు గుర్తులు పెట్టుకోవచ్చు. ఒకటి పరుగు మొదలయ్యే చోట, ఇంకొకటి చెయ్యి వెనక్కి చాచడం మొదలయ్యే చోట పెట్టుకోవాలి. మొదటి త్రో పూర్తి వేగంలో కాకుండా, గుర్తులు సరిపోయాయో లేదో తేల్చుకునేలా వేయాలి. క్వాలిఫయింగ్‌లో ఫౌల్‌తో మొదలుపెడితే మిగిలేవి రెండే.

ఎడమ పాదం ఆర్క్‌కు సుమారు రెండు మీటర్లు వెనక పడాలి. విసిరాక కుడి కాలు ముందుకొచ్చి ఒంటిని ఆపుకోవడానికి ఆ చోటు కావాలి. మూడు మీటర్లు వెనక పడితే ఒక మీటరు ఊరికే పోయినట్టు. అది కొలతలో కలవదు, ఎవరూ దాన్ని గుర్తించరు కూడా. కొలత తీసే తీరు చూస్తే ఇది స్పష్టమవుతుంది. ముక్కు మొదట తాకిన చోట జడ్జి గుర్తు పెడతాడు. అక్కణ్ణుంచి వంపు కేంద్రం దాకా టేపు లాగుతారు, కానీ చదివేది ఆర్క్ లోపలి అంచు దగ్గర. సెంటీమీటరుకు తక్కువ ఉన్నది వదిలేస్తారు, 70.239 వస్తే రాసేది 70.23.

జూనియర్ పతకాన్ని ఎంత నమ్మాలి? బిడ్గోష్‌లో నీరజ్ వెనక రజతం గెలిచిన దక్షిణాఫ్రికా కుర్రాడు జోహాన్ గ్రోబ్లర్ విసిరింది 80.59. కాంస్యం గ్రెనడాకు చెందిన అండర్సన్ పీటర్స్‌ది, 79.65. అంటే నీరజ్ కన్నా దాదాపు ఏడు మీటర్లు తక్కువ. అదే పీటర్స్ 2019లో, 2022లో ప్రపంచ విజేత అయ్యాడు, 2022 మేలో దోహాలో 93.07 విసిరాడు. రికార్డు పోగొట్టుకున్న సిర్మైస్ 2016లో యూరోపియన్ విజేత అయినప్పుడు విసిరింది 86.66, తన పాత జూనియర్ రికార్డు కన్నా రెండు మీటర్లే ఎక్కువ. ట్రినిడాడ్‌కు చెందిన కెషోర్న్ వాల్కాట్ కథ ఇంకో తీరు. 2012 జులైలో బార్సిలోనాలో 78.64తో జూనియర్ ప్రపంచ స్వర్ణం, ఆగస్టులో లండన్‌లో 84.58తో ఒలింపిక్ స్వర్ణం. నెల తిరగకుండా ఆరు మీటర్లు. ఒక నెలలో ఎవరి చెయ్యీ అంత బలపడదు. వేగంలో సెకనుకు ఒక మీటరు పెరిగితే అయిదు మీటర్లు వస్తాయన్న లెక్క గుర్తు చేసుకుంటే, ఆ మెరుగుదల ఎక్కడ దాగి ఉంటుందో ఊహించొచ్చు. 2025లో టోక్యో ప్రపంచ పోటీల్లో స్వర్ణం ఆ వాల్కాట్‌కే, రజతం పీటర్స్‌కే. మన సచిన్ యాదవ్ 86.27తో నాలుగో స్థానంలో నిలిచాడు. నీరజ్ ఎనిమిదో స్థానంతో సరిపెట్టుకున్నాడు. కాబట్టి పద్దెనిమిదేళ్ల కుర్రాడి దూరం ఒక్కదాన్నే పట్టుకుని వాడి భవిష్యత్తు చెప్పలేం. ఆ దూరం ఎలా వచ్చిందన్నది చూడాలి.

దానికి ఒక నోటు పుస్తకం చాలు. పదహారు పదిహేడేళ్లవాడికి వారానికి రెండు రోజుల కన్నా ఎక్కువ విసరడం వద్దు, మధ్యలో రెండు రోజులు ఖాళీ. రోజుకు పాతిక ముప్పై త్రోలు మించకూడదు, సగం పైన తక్కువ అడుగులతోనే. విసరని రోజుల్లో రెండు మూడు కిలోల మెడిసిన్ బాల్‌ను రెండు చేతులతో తల మీదుగా విసరొచ్చు, గెంతులు వేయొచ్చు. నడుం కింద నొప్పి, ముఖ్యంగా వెనక్కి వంగినప్పుడు వచ్చేది, రెండు వారాలు తగ్గకపోతే డాక్టర్‌కు చూపించాలి. ఆ వయసులో వెన్నుపూస చిట్లడం ఈ ఆటలో అరుదు కాదు. పుస్తకంలో ప్రతిసారీ అయిదు అంకెలు రాయాలి: నిలబడి విసిరిన దూరం, అయిదు అడుగులతో విసిరిన దూరం, పూర్తి పరుగుతో విసిరిన దూరం, ఎడమ పాదానికీ ఆర్క్‌కూ మధ్య ఎడం, గాలి ఎటు నుంచి.

ఉదాహరణకు ఒక కుర్రాడి పేజీలో 44, 53, 56 అని ఉందనుకుందాం. నిలబడి విసిరిన దానికి అయిదు అడుగులు తొమ్మిది మీటర్లు కలిపాయి, బాగానే ఉంది. ఆ తర్వాత మొత్తం పరుగు కలిపింది మూడే మీటర్లు. అలాంటివాడికి జిమ్‌లో బరువులు పెంచమనడం, గట్టిగా లాగమనడం దండగ. పదమూడు అడుగుల పరుగును తొమ్మిదికి కుదించి, ఎడమ మోకాలు మడవకుండా నిలబడే వేగం దొరికే దాకా అక్కడే ఉంచాలి. ఆ తొమ్మిది అడుగుల్లో 58 వచ్చాకే పదో అడుగు కలపాలి.